అచ్చంగా... జూలియా!

బోస్టన్‌లోని డబ్ల్యూజీబీహెచ్ అనే విద్యా ఛానల్‌లో 1962లో వచ్చిన పుస్తక పరిచయ కార్యక్రమం అది. ఎదురెదురుగా రెండు కుర్చీలు, మధ్యలో ఓ పుస్తకం, ఓ ప్రొఫెసర్ అడిగే ప్రశ్నలు, రచయిత చెప్పే జవాబులు... ఎప్పుడూ ఉండే వరస ఇదే. ఆ రోజు అతిథిగా వచ్చిన రచయిత్రి మాత్రం చిన్న కరెంటు పొయ్యి ఒకటి కావాలని ముందే కబురు పెట్టింది. గుడ్లు, గిన్నె, పెనం, గిలక్కొట్టే తీగల గరిటె తనే వెంట తెచ్చుకుంది. ఆరడుగుల రెండంగుళాల పొడవు, నలభై తొమ్మిదేళ్ల వయసు, ఉన్నట్టుండి పైకి లేచి మళ్లీ దిగే విచిత్రమైన గొంతు. మాట్లాడుతూనే గుడ్లు కొట్టి గిలక్కొట్టింది. వెన్న నురగ అణగగానే పెనంలో పోసి, పెనాన్ని తనవైపు గబగబా కుదిపి, మెత్తటి ఫ్రెంచి ఆమ్లెట్‌ను పళ్లెంలోకి దొర్లించింది.

తర్వాత ఛానల్‌కు 27 ఉత్తరాలొచ్చాయి. ఆవిడ చేత మళ్లీ వండించమన్నదే వాటి సారాంశం. చూసేవాళ్లే తక్కువగా ఉండే ఆ చిన్న ఛానల్‌కు అన్ని ఉత్తరాలు రావడం పెద్ద సంగతి.

ఆ రచయిత్రి పేరు జూలియా చైల్డ్. నటి కాదు, గాయని కాదు, వార్తలు చదివే మనిషీ కాదు. దాదాపు నలభై ఏళ్లు టీవీలో జూలియాగానే కనిపించి, అమెరికా ఇళ్లలో వంట తీరునే మార్చింది. ఆమె మీద 2009లో సినిమా, 2021లో డాక్యుమెంటరీ, 2022లో వెబ్ సిరీస్ వచ్చాయి. ఫోన్ తెరిస్తే చాలు ఎవరో ఒకరు వంట చేస్తూ కనిపించే ఈ రోజుల్లో ఆమె ప్రస్థానాన్ని మరోసారి చూడాల్సిన అవసరం ఉంది. తెర మీద సహజంగా ఉండటం వెనుక ఎంత చాకిరీ ఉంటుందో ఆమె జీవితం చెప్పినంత స్పష్టంగా మరొకటి చెప్పదు.

ముప్పై దాటినా వంట రాదు

జూలియా మెక్‌విలియమ్స్ 1912 ఆగస్టు 15న కాలిఫోర్నియాలోని పాసడీనాలో కలిగిన కుటుంబంలో పుట్టింది. ఇంట్లో వంటమనుషులుండేవారు కాబట్టి పొయ్యి దగ్గరికి వెళ్లే పనే పడలేదు. 1934లో స్మిత్ కాలేజీలో చరిత్ర ప్రధానాంశంగా డిగ్రీ పూర్తిచేసింది. నవలలు రాయాలనుకుంది గానీ, న్యూయార్క్‌లో ఓ ఫర్నిచర్ కంపెనీ ప్రచార విభాగంలో ఉద్యోగంతో సరిపెట్టుకుంది.

రెండో ప్రపంచయుద్ధం ఆమె దారి మార్చింది. అమెరికా గూఢచార సంస్థ ఓఎస్ఎస్‌లో చేరింది. సముద్రంలో పడిపోయిన సైనికుల దగ్గరికి షార్కులు రాకుండా చేసే మందు తయారీలోనూ ఓ చెయ్యి వేసింది. 1944లో సంస్థ ఆమెను సిలోన్‌లోని క్యాండీకి పంపింది. అక్కడ రహస్య పత్రాల విభాగం ఆమె చేతుల్లో ఉండేది. ఏ కాగితం ఎక్కడుందో క్షణంలో తీసి ఇవ్వాల్సిన ఉద్యోగం. తర్వాతి రోజుల్లో ఒక్కో వంటకాన్ని పదేసి సార్లు చేసి, ప్రతి మార్పూ రాసిపెట్టుకున్న మనిషికి ఆ క్రమశిక్షణ ఇక్కడే అబ్బిందనుకోవచ్చు.

పాల్ చైల్డ్ పరిచయమైందీ క్యాండీలోనే. ఆమె కన్నా పదేళ్లు పెద్దవాడు, చిత్రకారుడు, ఫొటోగ్రాఫర్, మంచి తిండి తెలిసినవాడు. 1946 సెప్టెంబరులో పెళ్లయింది. అతణ్ని మెప్పించాలని కొత్తల్లో చేసిన వంటలు చాలావరకు చెడిపోయేవి.

1948 నవంబరులో పాల్ ఉద్యోగం ఆ దంపతుల్ని ఫ్రాన్స్ చేర్చింది. ఓడ దిగి పారిస్ వెళ్తూ దారిలో రువాన్ పట్టణంలో లా కురోన్ అనే పాత హోటల్లో భోజనానికి ఆగారు. ఆల్చిప్పలు, తర్వాత వెన్నలో వేయించి నిమ్మరసం పిండిన సోల్ చేప, పచ్చి ఆకుల సలాడ్, తెల్ల జున్ను, చివర్లో కాఫీ. ఆ ఒక్క పూట భోజనమే తన జీవితాన్ని మలుపు తిప్పిందని జూలియా చివరిదాకా చెబుతుండేది. అప్పటికి ఆమెకు ముప్పై ఆరేళ్లు.

తప్పిన పరీక్ష

మరుసటి ఏడాది పారిస్‌లోని కార్డన్ బ్లూ వంటల పాఠశాలలో చేరింది. యుద్ధం నుంచి తిరిగొచ్చి హోటళ్లలో పని వెతుక్కుంటున్న మాజీ అమెరికన్ సైనికుల తరగతి అది. అందరూ మగవాళ్లే, ఆమె ఒక్కతే ఆడమనిషి. మాక్స్ బూన్యార్ అనే వృద్ధ గురువు గుడ్డు గిలకరించడం మొదలుకొని మళ్లీ నేర్పాడు. పొద్దున తరగతిలో నేర్చుకున్నది మధ్యాహ్నం ఇంట్లో చేసి చూడటం, సంతలో కూరగాయలమ్మే ఆడవాళ్లను ప్రశ్నలతో విసిగించడం... రోజంతా అదే ధ్యాస.

ఇంత చేసినా 1951లో చివరి పరీక్షలో తప్పింది. కష్టమైన సాసులన్నీ కంఠతా పట్టి వెళ్తే, మొదటి పాఠాల చిన్న పుస్తకంలో ఉన్న మామూలు వంటకాలు అడిగారు. వాటిని ఆమె సరిగా చూసుకోలేదు. తిరిగి రాసి పాసైంది. పెద్ద వంటకాలు వచ్చిన మనిషి చిన్న విషయాల దగ్గర తడబడుతుందని స్వానుభవంతో తెలిసింది కాబట్టే, తర్వాత టీవీలో ఉల్లిపాయ తరగడం ఎలాగో చెప్పడానికి కూడా ఆమె ఎన్నడూ తొందరపడలేదు.

సిమోన్ బెక్, లూయిజెట్ బెర్తోల్ అనే ఇద్దరు ఫ్రెంచి మహిళలతో పరిచయం అప్పుడే అయింది. ముగ్గురూ కలిసి పారిస్‌లోని అమెరికన్ మహిళలకు వంట పాఠాలు చెప్పారు. అమెరికన్ల కోసం ఫ్రెంచి వంటల పుస్తకం రాయడానికి కూర్చుంటే దాదాపు పదేళ్లు పట్టింది. ఫ్రాన్స్ పిండి వేరు, అమెరికా పిండి వేరు. వెన్న, మాంసం ముక్కల కోతలు కూడా వేరే. ప్రతిదీ అమెరికా దుకాణాల్లో దొరికే సరుకుతో చేసి చూడాలి. మొదట ఒప్పుకున్న ప్రచురణకర్తలు ఇంత పెద్ద గ్రంథం గృహిణులు కొనరంటూ తిప్పి పంపారు. చివరికి నాఫ్ సంస్థలో జూడిత్ జోన్స్ అనే యువ సంపాదకురాలు రాతప్రతిని ఇంటికి తీసుకెళ్లి, అందులోని బీఫ్ బూర్గీన్యోన్ వండి తిని, ఇది వేయాల్సిన పుస్తకమని పట్టుబట్టింది. 1961 అక్టోబరులో ‘మాస్టరింగ్ ది ఆర్ట్ ఆఫ్ ఫ్రెంచ్ కుకింగ్’ వెలువడింది. ఆ పుస్తకం ప్రచారం కోసమే జూలియా ఆమ్లెట్ వేసింది.

కాలిపోయిన స్టూడియో... అరువు వంటిల్లు

ఉత్తరాలు చూసి డబ్ల్యూజీబీహెచ్ మూడు నమూనా ఎపిసోడ్లు తీయమంది. యువ నిర్మాత రసెల్ మొరాష్‌కు ఆ పని అప్పగించారు. చిక్కేమిటంటే అప్పటికి ఛానల్‌కు సొంత స్టూడియో లేదు. 1961 అక్టోబరులో అగ్నిప్రమాదంలో కాలిపోయింది. నమూనాలను బోస్టన్ గ్యాస్ కంపెనీ ఆడిటోరియంలో తీశారు. కార్యక్రమం ఖాయమయ్యాక కేంబ్రిడ్జ్ విద్యుత్ కంపెనీ తన వినియోగదారుల కోసం పెట్టుకున్న ప్రదర్శన వంటింట్లో చిత్రీకరణ సాగింది.

1963 ఫిబ్రవరి 11న ‘ది ఫ్రెంచ్ చెఫ్’ మొదలైంది. తొలి వంటకం బీఫ్ బూర్గీన్యోన్. జూలియాకు ఎపిసోడ్‌కు 50 డాలర్లిచ్చేవారు. కూరగాయలు, మాంసం కొనుక్కొచ్చే పని కూడా మొదట్లో ఆమెదే.

వీడియో టేపును కత్తిరించి అతకడం అప్పట్లో ఖర్చుతో కూడిన పని. అందుకని దాదాపు అరగంట కార్యక్రమాన్ని ఆపకుండా ఒకే ఊపులో తీసేవారు. గంటల తరబడి ఉడకాల్సిన కూర అరగంటలో పూర్తయినట్టు చూపాలంటే, పచ్చి ముక్కలు ఒక గిన్నెలో, సగం ఉడికినవి మరో గిన్నెలో, పూర్తయింది ఇంకో గిన్నెలో ముందే సిద్ధంగా ఉండాలి. పొయ్యి మీద ఒకటి, ఓవెన్‌లో ఒకటి, బల్ల కింద మరొకటి. ఏది ఎప్పుడు బయటికి రావాలో నిమిషాల లెక్కన కాగితాల మీద రాసుకునేవారు. ఇంట్లో పాల్ స్టాప్‌వాచ్ పట్టుకుని కూర్చుంటే జూలియా ఒక్కో భాగాన్నీ పదేపదే సాధన చేసేది. తెర మీద చూసేవాళ్లకు మాత్రం పొరుగింటి ఆవిడ మాట్లాడుతూ మాట్లాడుతూ వండేసినట్టుండేది. ఆమె ప్రతిభలో ఎక్కువ పాలు ఇక్కడే ఉంది. గొంతుకు, పొడవుకు, నవ్వుకు దక్కిన పేరు ఈ సాధనకు దక్కలేదు.

> గ్లాసులో వైన్ కాదు
>
> ప్రతి ఎపిసోడ్ చివర జూలియా బల్ల దగ్గర కూర్చుని, వండింది వడ్డించుకుని, గ్లాసెత్తి ‘బొనాపెతీ’ అని సెలవు తీసుకునేది. ఆ గ్లాసులో ఉన్నది వైన్ అని అంతా అనుకునేవారు. నిజానికది గ్రేవీకి రంగు తెచ్చే ద్రావకం కలిపిన నీళ్లు. అసలు వైన్ కొనేంత బడ్జెట్ ఆ కార్యక్రమానికి ఉండేది కాదు.
>
> ఆమె చొక్కాకు ఎప్పుడూ కనిపించే బిళ్ల, పారిస్‌లో ముగ్గురు స్నేహితురాళ్లు నడిపిన వంటల బడి గుర్తు. దాన్ని గీసింది పాల్.

ఆ కాలానికి ఆమె ఎందుకు నచ్చింది?

టీవీలో వండి చూపినవాళ్లలో జూలియా మొదటి మనిషి కాదు. జేమ్స్ బియర్డ్ 1946లోనే ఎన్‌బీసీలో వండాడు. డయోన్ లూకాస్ అనే ఆవిడా ఫ్రెంచి వంటలు చూపింది. వాళ్లెవరికీ ఇంత ఆదరణ రాలేదు.

యుద్ధం తర్వాతి అమెరికా వంటింట్లో డబ్బా సూపులు, గడ్డకట్టించిన కూరగాయలు, వేడిచేసుకుని తినే రెడీమేడ్ భోజనాలు నిండిపోయాయి. తొందరగా తేలిపోవాల్సిన చాకిరీ వంట అని ప్రకటనలు ఊదరగొట్టేవి. మరోవైపు విమాన ప్రయాణాలు పెరిగి యూరప్ చూసొచ్చేవాళ్లు ఎక్కువయ్యారు. కెనెడీ దంపతులు 1961లో శ్వేతసౌధానికి ఫ్రెంచి వంటవాణ్ని తెచ్చుకున్నారు. తిన్న రుచి ఇంట్లో చేసుకోవాలన్న కోరిక ఉంది, చెప్పేవాళ్లే లేరు. జూలియా పుస్తకం పనివాళ్లు లేని అమెరికన్ ఇంటిని దృష్టిలో పెట్టుకుని రాసింది. టీవీ కార్యక్రమం అదే ఇంటికి వెళ్లింది.

‘ది ఫ్రెంచ్ చెఫ్’ మొదలైన నెలలోనే బెట్టీ ఫ్రీడన్ ‘ది ఫెమినిన్ మిస్టిక్’ వచ్చింది. ఇంటికే పరిమితమైన మధ్యతరగతి మహిళల అసంతృప్తిని బయటపెట్టిన పుస్తకమది. జూలియా అదే ఇంట్లోని పొయ్యి ముందు నిలబడి, వంటను నేర్చుకోదగిన విద్యగా, మేధకు పని చెప్పే వృత్తిగా చూపింది. రెండూ విరుద్ధంగా కనిపిస్తాయి గానీ, ఆడవాళ్ల తెలివిని తక్కువగా చూడొద్దన్న మాట రెండింట్లోనూ ఉంది. ఆమె కార్యక్రమాన్ని మగవాళ్లు, పిల్లలు, జీవితంలో గరిటె పట్టనివాళ్లు కూడా చూశారు.

పెనం మీంచి జారిన బంగాళాదుంప

జూలియా పేరు చెప్పగానే అమెరికన్లు తలచుకునే దృశ్యం ఒకటుంది. మెత్తగా మెదిపిన బంగాళాదుంప ముద్దను పెనంలో పెద్ద అట్టులా పరిచి, గాల్లోకి ఎగరేసి తిప్పాలి. ఆమె పెనం ఎగరేసింది. అట్టు విరిగింది. సగం పెనంలో, సగం పొయ్యి మీద. టేపు ఆపలేదు. పొయ్యి మీద పడ్డ ముక్కల్ని ఏరి పెనంలో వేసి, వేళ్లతో సర్దింది. తిప్పేటప్పుడు ధైర్యం చాల్లేదు కాబట్టే ఇలా అయిందని ఒప్పుకుంది. వంటింట్లో ఒక్కరే ఉన్నప్పుడు ఎవరు చూస్తారంటూ ధైర్యం చెప్పి, తర్వాత పనిలోకి వెళ్లిపోయింది.

తప్పు ఎందుకు జరిగిందో చెప్పడం, దాన్ని ఎలా సరిదిద్దుకోవాలో చూపడం, క్షమాపణలతో కాలం వృథా చేయకపోవడం... ఈ మూడూ ఒక్క నిమిషంలోపే జరిగిపోయాయి. వండిన వంటకానికి క్షమాపణ చెప్పకూడదన్నది ఆమె నియమం. అతిథుల ముందు కూర బాగాలేదేమోనని నొచ్చుకునే ఇల్లాలికి ఆ మాట ఎంత ఊరటో వండేవాళ్లకు తెలుసు.

> నేల మీద పడని కోడి
>
> జూలియా టీవీలో వండుతూ కోడిని నేల మీద జారవిడిచి, తీసి మళ్లీ పళ్లెంలో పెట్టిందని లక్షలమంది నమ్ముతారు. కొందరు టర్కీ అంటారు, కొందరు బాతు అంటారు. కళ్లారా చూశామనేవాళ్లూ ఉన్నారు. అలాంటి ఎపిసోడ్ ఏదీ లేదు. పొయ్యి మీద పడ్డ బంగాళాదుంపే నోటినోటా మారి కోడి అయింది.
>
> 1978లో ‘సాటర్డే నైట్ లైవ్’లో డాన్ అక్రాయిడ్ జూలియా వేషం వేసి, వేలు కోసుకుని రక్తం ధారకడుతున్నా వంట ఆపకుండా నటించాడు. ఆ టేపును జూలియా ఇంట్లో దాచుకుని, వచ్చిన స్నేహితులకు చూపించి నవ్వేది.

తెర వెనుక పాల్

ఈ ప్రస్థానంలో సగం పాల్ చైల్డ్‌ది. 1960ల మొదట్లో విదేశాంగ ఉద్యోగం నుంచి విశ్రాంతి తీసుకున్న నాటి నుంచి భార్య పనే తన పనిగా పెట్టుకున్నాడు. సామాన్లు మోశాడు, కెమెరా పక్కన నిలబడి సైగల అట్టలు చూపాడు, చిత్రీకరణ అయ్యాక గిన్నెలు తోమాడు, పుస్తకాలకు ఫొటోలు తీశాడు. కేంబ్రిడ్జ్‌లోని ఇంట్లో భార్య పొడవుకు తగ్గట్టు వంటగట్టును మామూలు ఎత్తు కన్నా రెండంగుళాలు పెంచి కట్టించాడు. గోడకు చిల్లుల పలక బిగించి, ఒక్కో పెనం, ఒక్కో గిన్నె ఆకారాన్ని దాని మీద గీశాడు. వాడి కడిగిన గిన్నె మళ్లీ తన గీత మీదికే చేరాలి. 1960ల అమెరికాలో ఓ భర్త ఇలా వెనక నిలబడటం అరుదు. దాని గురించి అతను నామోషీ పడలేదు, గొప్పగా చెప్పుకోనూ లేదు.

పుస్తకం రెండో భాగం కోసం ఇంట్లో ఫ్రెంచి బ్రెడ్ చేసే పద్ధతి కనిపెట్టాల్సి వచ్చింది. అమెరికా పిండితో, మామూలు ఓవెన్‌తో ఆ పైపెంకు రావాలి. దాదాపు రెండేళ్లు, 284 పౌండ్ల పిండి ఖర్చయ్యాయి. అంటే సుమారు 129 కిలోలు. పిండి కలిపినవాళ్లలో పాల్ కూడా ఉన్నాడు. 1974లో గుండె శస్త్రచికిత్స తర్వాత అతని మాట, జ్ఞాపకం దెబ్బతిన్నాయి. అయినా చాలా ఏళ్లు జూలియా తన వెంటే తీసుకెళ్లి, కార్యక్రమాల్లో ముందు వరసలో కూర్చోబెట్టేది. 1994లో పాల్ కన్నుమూశాడు.

పేరును అమ్ముకోలేదు

‘ది ఫ్రెంచ్ చెఫ్’ 1973 దాకా నడిచింది. దాదాపు 200 ఎపిసోడ్లు. పీబాడీ పురస్కారం, 1966లో ఎమీ, అదే ఏడాది నవంబరులో టైమ్ పత్రిక ముఖచిత్రం దక్కాయి. 1970 నుంచి రంగుల్లో వచ్చింది. 1972లో చెవిటివారి కోసం మాటల్ని తెర మీద అక్షరాలుగా చూపిన తొలి జాతీయ కార్యక్రమం కూడా ఇదే.

ఇంత పేరున్నా ఏ పెనం కంపెనీకి, ఏ వెన్న కంపెనీకి ఆమె ముఖం అరువివ్వలేదు. ప్రకటనల్లేని పబ్లిక్ టీవీలో పాఠం చెప్పే మనిషి ఒక సరుకును పొగిడితే, మిగతా పాఠమంతా అనుమానాస్పదం అవుతుందని ఆమె నమ్మకం. అనుమతి లేకుండా తన పేరు వాడుకున్నవాళ్ల మీదికి లాయర్లను పంపింది. ఎవరి వీడియో సలహా, ఎవరి వీడియో ప్రకటన అన్నది తేల్చుకోలేని ఈ రోజుల్లో ఆ నియమం విలువ బాగా అర్థమవుతుంది.

విమర్శలూ వచ్చాయి. కొవ్వు, కొలెస్ట్రాల్ భయం ఇంటింటికీ పాకిన 1980ల్లో ఆమె వెన్న, మీగడ వాడకం మీద వైద్య నిపుణులు మండిపడ్డారు. అన్నీ తినాలి, కొంచెం కొంచెం తినాలన్నది ఆమె జవాబు. భోజనాన్ని మందులా చూసే ధోరణిని చివరిదాకా వ్యతిరేకించింది. ఆ పట్టుదలలో మొండితనం కొంత ఉంది. గుండెజబ్బున్నవాళ్లకు ఆ జవాబు సరిపోదు. మితం గురించి చెప్పిన మాట మాత్రం కాలానికి నిలిచింది.

ఎనభైల్లోనూ పొయ్యి ముందే

1978లో ‘జూలియా చైల్డ్ అండ్ కంపెనీ’, 1983లో ‘డిన్నర్ ఎట్ జూలియాస్’, 1980 నుంచి ఏబీసీ ఛానల్ ‘గుడ్ మార్నింగ్ అమెరికా’లో చిన్న చిన్న పాఠాలు... ఆమె తెర మీంచి దిగలేదు. ఎనభై దాటాక పాత్ర మార్చుకుంది. గురువు స్థానంలోంచి శిష్యురాలి స్థానంలోకి వచ్చి, ఇతర వంటవాళ్లను తన ఇంటికే పిలిపించి వాళ్లు వండుతుంటే పక్కన నిలబడి ప్రశ్నలడిగింది. 1990ల్లో వచ్చిన మూడు కార్యక్రమాలకు కేంబ్రిడ్జ్‌లోని ఆమె సొంత వంటిల్లే స్టూడియో. మధ్యలో ఉండే భోజనబల్లను తీసి వంటగట్టు పెట్టేవారు, చిత్రీకరణ అయ్యాక మళ్లీ బల్ల వేసేవారు. చివరిదైన ‘జూలియా అండ్ జాక్ కుకింగ్ ఎట్ హోమ్’ 1999లో మొదలైంది. ఫ్రెంచి వంటవాడు జాక్ పెపాన్‌తో కలిసి వండుతూ, మిరియాలు తెల్లవా నల్లవా అన్న దగ్గర కూడా వాదించుకున్నారు. ఇద్దరి పద్ధతీ సరైనదే అయినప్పుడు గెలుపోటముల్లేకుండా వదిలేశారు.

ఫ్రాన్స్ 2000లో లీజియన్ ఆఫ్ ఆనర్‌తో, అమెరికా 2003లో ప్రెసిడెన్షియల్ మెడల్ ఆఫ్ ఫ్రీడమ్‌తో ఆమెను గౌరవించాయి. 2004 ఆగస్టు 13న, తొంభై రెండో పుట్టినరోజుకు రెండు రోజుల ముందు, కాలిఫోర్నియాలో మరణించింది.

2001లో కేంబ్రిడ్జ్ ఇల్లు ఖాళీ చేస్తూ వంటింటిని వాషింగ్టన్‌లోని స్మిత్సోనియన్ సంస్థకు ఇచ్చేసింది. గట్టు, పొయ్యి, గరిటెలు, అయస్కాంతపు పట్టీలకు అతికిన కత్తులు అన్నిటినీ ఉన్నవి ఉన్నట్టుగా విప్పి తీసుకెళ్లి జాతీయ చరిత్ర మ్యూజియంలో మళ్లీ అమర్చారు. జూలీ పవల్ అనే న్యూయార్క్ ఉద్యోగిని ఒక్క ఏడాదిలో పుస్తకంలోని 524 వంటకాలూ చేసిన కథ 2009లో ‘జూలీ అండ్ జూలియా’ సినిమాగా వచ్చింది. జూలియాగా మెరిల్ స్ట్రీప్ నటించింది. అచ్చయిన నలభై ఎనిమిదేళ్లకు, ఆ సినిమా పుణ్యమా అని, పుస్తకం తొలిసారి న్యూయార్క్ టైమ్స్ అమ్మకాల జాబితాలో మొదటి స్థానానికి చేరింది.

‘ది ఫ్రెంచ్ చెఫ్’ పాత ఎపిసోడ్లు చాలావరకు ఇప్పటికీ ఇంటర్నెట్‌లో దొరుకుతున్నాయి. వంట మీద ఆసక్తి ఉన్నవాళ్లు బంగాళాదుంపల ఎపిసోడ్‌తో మొదలుపెట్టి చూడండి.